అజరత్వం – అమరత్వం: గిల్గమేష్ కావ్యంలోని సాగరౌషధి – ఒక పరిశీలన

వ్యాససంగ్రహం:

మెసొపొటేమియా సాహిత్యంలో తలమానికమైన గిల్గమేష్ కావ్యం పదకొండవ ఫలకం చివర, సముద్రగర్భంలో పెరిగే ఒక మహిమాన్వితమైన ఓషధి ప్రస్తావన ఉంది. కథానాయకుడు ప్రాణాలకు తెగించి దానిని సంపాదిస్తాడు. స్నానం చేస్తుండగా ఒక పాము దానిని అపహరిస్తుంది. సాహిత్య చరిత్రల్లోనూ తరగతి పాఠాల్లోనూ దీనిని 'అమరత్వ మూలిక' అని పేర్కొనడం పరిపాటి. అయితే కావ్యపాఠం ఆ ఓషధికి ఇచ్చిన గుణం మరణాన్ని తప్పించడం కాదు, ముసలితనాన్ని తొలగించడం మాత్రమే. ఈ భేదాన్ని భారతీయ సంప్రదాయంలోని 'అజర', 'అమర' శబ్దాల వెలుగులో వివరించడం, ఓషధి వర్ణనలో కనిపించే వైద్యగ్రంథ శైలిని, దాని పవిత్రతను, పాము–స్నానం–కుబుసం అనే అంశాల సంబంధాన్ని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం. గ్రీకు, భారతీయ కథలతో ఉన్న సామ్యాలను కూడా ఈ వ్యాసం తులనాత్మకంగా చర్చిస్తుంది.

కీలకపదాలు: గిల్గమేష్, సాగరౌషధి, అప్సూ, అజరత్వం, అమరత్వం, కుబుసం, గరుడోపాఖ్యానం.

1. ఉపోద్ఘాతం:

మహిమగల ఓషధులు ప్రాచీన సాహిత్యాల్లో సాధారణంగా మానవునికి అందని ఎత్తుల్లో ఉంటాయి. రామాయణం యుద్ధకాండలో హనుమంతుడు తెచ్చిన ఓషధులు పర్వతం మీద పెరిగినవి. బాబిలోనియా వారి ఎతానా కథలో సంతానంలేని రాజు, పుట్టుకనిచ్చే మూలిక కోసం గద్ద వీపుమీద ఆకాశానికి ఎగురుతాడు. గిల్గమేష్ కావ్యంలోని ఓషధి వీటికి భిన్నమైన చోట ఉంది. దాని కోసం నాయకుడు పైకి ఎక్కడు. కాళ్లకు రాళ్లు కట్టుకొని నీటి అడుగుకు దిగుతాడు. దానిని తన చేతులతోనే పెరికి, ఒడ్డుకు చేరి, తిరుగుదారిలో పోగొట్టుకుంటాడు.

ఈ ఘట్టం కావ్యంలో కొద్ది పంక్తులకే పరిమితమైనా కథ ముగింపు అంతా దీనిమీదే ఆధారపడి ఉంది. పోగొట్టుకున్నది ఏమిటో సరిగా గుర్తిస్తే తప్ప, ఆ తర్వాత వచ్చే నగరప్రాకార వర్ణనకు అర్థం తేటపడదు. అందువల్ల ఆ ఓషధి అమరత్వాన్నిచ్చేదా, యౌవనాన్ని తిరిగి ఇచ్చేదా అన్న ప్రశ్న కేవలం పారిభాషిక పదానికి సంబంధించినది కాదు. కావ్యార్థ నిర్ణయానికి సంబంధించినది.

2. కావ్యపాఠం – లభ్యత:

గిల్గమేష్ దక్షిణ ఇరాక్‌లో నేడు వర్కా అని పిలిచే ప్రాచీన ఊరుక్ నగరానికి రాజు. అతనిని గురించి సుమేరియన్ భాషలో విడివిడి కథాకావ్యాలు ఉన్నాయి. అక్కాడియన్ భాషలో కావ్యంగా రూపొందిన పాత బాబిలోనియన్ పాఠపు శకలాలు క్రీ.పూ. రెండవ సహస్రాబ్ది తొలి శతాబ్దాలకు చెందినవి. నేడు 'ప్రామాణిక పాఠం' అని వ్యవహరించే పన్నెండు ఫలకాల రూపాన్ని సంప్రదాయం సిన్-లేకి-ఉన్నిన్ని అనే పండితునికి ఆపాదించింది. ఈ పాఠానికి ముఖ్యమైన ప్రతులు క్రీ.పూ. 7వ శతాబ్దంలో అస్సీరియాను పాలించిన అషుర్‌బానిపాల్ గ్రంథాలయం నుండి, అంటే నినెవె శిథిలాల నుండి లభించాయి.

19వ శతాబ్ది మధ్యభాగంలో జరిగిన తవ్వకాల్లో బయటపడిన ఈ మట్టిఫలకాలు బ్రిటిష్ మ్యూజియానికి చేరాయి. 1872లో జార్జ్ స్మిత్ పదకొండవ ఫలకంలోని జలప్రళయ కథను చదివి ప్రకటించడంతో లోకం దృష్టి ఈ కావ్యం మీద పడింది. అప్పటి నుండి ఆ ఫలకం జలప్రళయ కథకే ప్రసిద్ధమైంది. అదే ఫలకం చివరనున్న ఓషధీ వృత్తాంతానికి అంత ప్రచారం దక్కలేదు. 2003లో ఆండ్రూ జార్జ్ వెలువరించిన విమర్శనాత్మక పరిష్కరణ ఈ ఘట్టంలోని పాఠాలను స్పష్టంగా పరిశీలించడానికి వీలు కల్పించింది. పన్నెండవ ఫలకం ఒక సుమేరియన్ కావ్యభాగానికి అనువాదంగా తర్వాత చేరినది కనుక, కథాగమనం దృష్ట్యా కావ్యం పదకొండవ ఫలకంతోనే ముగుస్తుంది. ఓషధిని పోగొట్టుకోవడం ఆ ముగింపుకు అవ్యవహిత పూర్వ సంఘటన.

3. ఓషధీ వృత్తాంతం:

ప్రాణమిత్రుడైన ఎంకిడు మరణించిన తర్వాత గిల్గమేష్‌ను మృత్యుభయం ఆవరిస్తుంది. జలప్రళయం నుండి బయటపడి దేవతల అనుగ్రహంతో మరణంలేని జీవితాన్ని పొందిన ఊత-నపిష్తిని వెతుక్కుంటూ అతడు లోకపు అంచులకు వెళతాడు. తనకు అమరత్వం ప్రసాదించింది దేవసభ అనీ, గిల్గమేష్ కోసం ఆ సభను ఎవరు సమావేశపరుస్తారనీ ఊత-నపిష్తి ప్రశ్నిస్తాడు. ఆరు పగళ్లు, ఏడు రాత్రులు నిద్రపోకుండా ఉండమని పరీక్ష పెడతాడు. గిల్గమేష్ కూర్చున్నచోటనే నిద్రలోకి జారుకుంటాడు. ఊత-నపిష్తి భార్య రోజుకొకటి చొప్పున కాల్చి పక్కన పెట్టిన రొట్టెలు, ఎండినదీ బూజుపట్టినదీ తాజాదీ వరుసగా కనిపించి, అతడు ఎన్నాళ్లు నిద్రపోయాడో సాక్ష్యం చెబుతాయి.

ఓడిపోయిన గిల్గమేష్‌కు స్నానం చేయించి, అతడు ధరించిన జంతుచర్మాలను సముద్రంలో విడిచి, కొత్త వస్త్రాలు కట్టించి పంపమని ఊత-నపిష్తి పడవవాడైన ఉర్-షనబిని ఆజ్ఞాపిస్తాడు. పడవ కదిలిన తర్వాత, ఇంత శ్రమపడి వచ్చినవానిని వట్టి చేతులతో పంపుతావా అని భార్య అడగడంతో, అతడు ఒక దేవరహస్యాన్ని వెల్లడిస్తాడు. అదే ఈ ఓషధి విషయం.

గిల్గమేష్ ఒక కాలువ తెరిచి, కాళ్లకు బరువైన రాళ్లు కట్టుకొని అప్సూ అనే అధోజలాల్లోకి దిగుతాడు. ముళ్లు గుచ్చుకుంటున్నా ఓషధిని పెరికి, రాళ్ల తాళ్లు కోసివేస్తాడు. సముద్రం అతనిని ఒడ్డుకు విసురుతుంది. దానిని వెంటనే తినకుండా, ఊరుక్‌కు తీసుకువెళ్లి ముందు ఒక వృద్ధునికి తినిపించి పరీక్షిస్తాననీ, తర్వాత తానూ తిని పడుచువాడినవుతాననీ చెబుతాడు. ఇరవై బేరుల దూరం పోయాక భోజనం చేసి, ముప్పై బేరుల వద్ద విడిది చేస్తారు. బేరు అంటే నేటి కొలతలో పది కిలోమీటర్లకు పైబడిన దూరం. అక్కడ చల్లని నీటి మడుగు కనిపించగా గిల్గమేష్ స్నానానికి దిగుతాడు. ఓషధి పరిమళం పసిగట్టిన పాము నిశ్శబ్దంగా వచ్చి దానిని ఎత్తుకుపోతుంది. పోతూ కుబుసం విడుస్తుంది. గిల్గమేష్ కూలబడి ఏడుస్తాడు. ఇంత కష్టపడి తనకు మేలు చేసుకోలేక 'నేల సింహానికి', అంటే పాముకు, మేలు చేశానని వాపోతాడు.

4. వర్ణనలో వైద్యగ్రంథ శైలి:

కావ్యంలో ఈ మొక్కకు వాడిన 'షమ్ము' అనే అక్కాడియన్ పదానికి మొక్క, మందు అనే రెండర్థాలూ ఉన్నాయి. తెలుగులో 'మూలిక', సంస్కృతంలో 'ఓషధి' శబ్దాలకున్న వ్యాప్తి వంటిదే ఇది. బాబిలోనియా, అస్సీరియా వైద్యులు మొక్కలను గుర్తించడానికి ఉపయోగించిన 'షమ్ము షికిన్షు' అనే గ్రంథసముదాయం ఒకటి ఉంది. 'ఓషధి – దాని స్వరూపం' అని ఆ శీర్షికకు అర్థం. అందులో ఒక్కొక్క మొక్కను పరిచయం చేసే పద్ధతి స్థిరమైనది: ఈ మొక్క చూడటానికి ఫలానా తెలిసిన మొక్కలా ఉంటుంది, దాని కాయో గింజో ఆకో ఫలానా విధంగా ఉంటుంది, దాని పేరు ఇది, ఇది ఈ రోగానికి పనికివస్తుంది.

సాగరౌషధి ప్రస్తావన ఈ పద్ధతికి చాలా దగ్గరగా ఉంది. ఊత-నపిష్తి దాని ఆకారాన్ని ఒక ముళ్లపొదతోనూ, ముల్లును గులాబివంటి ముళ్ల మొక్కతోనూ పోల్చి, పెరికేవారి చేతికి గుచ్చుకుంటుందని హెచ్చరిస్తాడు. పేరు, ప్రయోజనం అతడు చెప్పడు. వాటిని ఒడ్డుకు చేరిన తర్వాత గిల్గమేష్ చెబుతాడు. స్వరూపం ఒకరి నోట, నామగుణాలు మరొకరి నోట వినిపించి, రెండు సంభాషణలూ కలిస్తే ఒక వైద్యగ్రంథంలోని వివరణ పూర్తయినట్లవుతుంది. వృద్ధునికి ఇచ్చి పరీక్షించాలన్న ఆలోచన కూడా అద్భుతాన్ని గుడ్డిగా నమ్మినవాని మాట కాదు. మందు గుణాన్ని ప్రయోగంతో తేల్చుకోదలచినవాని మాట.

ఓషధి పేరు ఒక వాక్యం. 'ముసలివాడు పడుచువాడయ్యాడు' అని దాని భావం. గుణాన్నే పేరుగా పెట్టడం భారతీయ నిఘంటువుల్లోనూ కనిపిస్తుంది. ఆయుర్వేదం తిప్పతీగను 'అమృత' అనీ, అటికమామిడిని 'పునర్నవ' అనీ వ్యవహరిస్తుంది. మొదటి పేరు మరణరాహిత్యాన్ని, రెండవది తిరిగి కొత్తదనం పొందడాన్ని సూచిస్తాయి. ఊరుక్ రాజు పెరికిన ఓషధి పేరు వీటిలో రెండవ కోవకు చెందుతుంది.

5. ఓషధి స్థానం – పవిత్రత:

ఈ ఓషధి ఏ నీటిలో పెరిగింది? గిల్గమేష్ దిగినది అప్సూలోకి; అతనిని ఒడ్డుకు చేర్చినది సముద్రం. మెసొపొటేమియా విశ్వభావనలో అప్సూ భూమి అడుగున ఉండే మంచినీటి నిలయం. అది జ్ఞానానికి, మంత్రవిద్యకు అధిదేవత అయిన ఏయా నివాసం. జలప్రళయం రానున్నదని ఊత-నపిష్తికి తెలియజేసి కాపాడిన దేవత కూడా ఏయాయే. కనుక ఓషధి పెరిగిన చోటు ఉప్పునీటికీ మంచినీటికీ, మానవులు తిరిగే లోకానికీ దేవత నివాసానికీ నడుమనున్న హద్దు. దాని పవిత్రతకు తొలి ఆధారం ఈ స్థానమే.

రెండవ ఆధారం భాషలో ఉంది. జలప్రళయ కథను చెప్పబోయే ముందు ఊత-నపిష్తి, ఒక రహస్యాన్ని వెల్లడిస్తున్నాననీ అది దేవతలకు చెందిన గుట్టు అనీ అంటాడు. ఓషధి విషయం చెప్పేటప్పుడు మళ్లీ అవే మాటలు వాడతాడు. ఒకే ఫలకంలో ఒకే పదబంధం రెండుసార్లు రావడం వల్ల మానవజాతి అంతమయ్యే సమయంలో బతికి బయటపడిన వృత్తాంతానికీ, ఈ ముళ్ల మొక్కకూ సమానమైన గౌరవం దక్కింది. దీనికి పూజ గాని, కర్మకాండ గాని కావ్యంలో లేవు. తెలియరాని జ్ఞానంగా ఉండటమే దాని పవిత్రత.

ఈ ఘట్టానికి భౌతికమైన ఆధారాన్ని వెతికిన పరిశోధకులూ ఉన్నారు. బహ్రెయిన్‌లో డేనిష్ పురాతత్త్వ బృందంతో పనిచేసిన జెఫ్రీ బిబ్బీ 1969లో ప్రచురించిన 'లుకింగ్ ఫర్ దిల్మున్' గ్రంథంలో, ఈ ఓషధి ముత్యానికి సంకేతం కావచ్చునని ప్రతిపాదించాడు. సుమేరియన్ జలప్రళయ కథ ప్రకారం ప్రళయం నుండి బయటపడినవాడు నివసించిన చోటు దిల్మున్. దానిని బహ్రెయిన్ ప్రాంతంగా పండితులు గుర్తించారు. అక్కడి ముత్యాల వేటగాళ్లు రాతి బరువు సాయంతో నీటి అడుగుకు దిగేవారు. ఆ తీరంలో సముద్రం అడుగునే మంచినీటి ఊటలు ఉన్నాయి. కల్‌అత్ అల్-బహ్రెయిన్ తవ్వకాల్లో నేల కింద పాత్రల్లో పూడ్చిన పాముల అవశేషాలు, కొన్నింటిలో పూసవంటి చిన్న వస్తువులు కనిపించాయి.

ఈ ప్రతిపాదన గిల్గమేష్ దిగిన పద్ధతిని బాగా వివరిస్తుంది. కాని పెరికిన వస్తువును వివరించలేదు. కావ్యంలోని ఓషధికి ముల్లు ఉంది, పరిమళం ఉంది; ముత్యానికి ఆ రెండూ లేవు. పాముల ఖననాలు కూడా కావ్యపు ప్రామాణిక పాఠం ఏర్పడిన తర్వాతి కాలానివి. కాబట్టి ముత్యాల వేట అనుభవం ఈ దృశ్యకల్పనకు తోడ్పడి ఉండవచ్చుననడం సమంజసం. ఓషధే ముత్యమనడం పాఠానికి విరుద్ధం.

6. అజరత్వం – అమరత్వం:

భారతీయ సంప్రదాయం ఈ రెండు భావాలకూ వేర్వేరు పదాలను కల్పించింది. 'జర' అంటే ముసలితనం; అది లేనివాడు అజరుడు. మరణం లేనివాడు అమరుడు. తెలుగులో 'అజరామరం' అనే సమాసం వాడుకలో స్థిరపడి, రెండూ ఒకటేనన్న భ్రమ కలిగిస్తుంది గాని, ఆదిపర్వంలో గరుడుడు విష్ణువును కోరిన వరంలో అవి వేరువేరుగానే ఉన్నాయి. అమృతం తాగకుండానే తనకు ముసలితనమూ మరణమూ ఉండకూడదని అతడు కోరుకుంటాడు. రెండూ ఒకటే అయితే రెండు కోరికలు అవసరం లేదు.

ఒకటి ఉండి మరొకటి లేని స్థితులను కూడా ప్రాచీన కథలు ఊహించాయి. గ్రీకు సాహిత్యంలో ఉషోదేవత తన ప్రియుడు తిథోనస్‌కు మరణం లేకుండా వరం పొందింది. యౌవనం అడగడం మరచింది. అతడు చావులేక నానాటికీ ముదిరిపోయాడు. అతడు అమరుడు, అజరుడు కాడు. భారతం అరణ్యపర్వంలో చ్యవనమహర్షి అశ్వినీదేవతలతో కలిసి సరస్సులో మునిగి యువకుడై లేచాడు. అతనికి దక్కినది యౌవనం. గిల్గమేష్ ఓషధి చ్యవనుని వైపు చేరేదే గాని, తిథోనస్ వైపు చేరేది కాదు.

దీనికి ఒక ఆక్షేపం చెప్పవచ్చు. ముసలితనం వచ్చినప్పుడల్లా ఓషధిని సేవిస్తే మరణమే ఉండదు కదా, అప్పుడు పునర్యౌవనమే అమరత్వం కాదా? ఈ ఆక్షేపానికి సమాధానం కావ్యంలోనే ఉంది. గిల్గమేష్‌ను దారిపట్టించినది ఎంకిడు మరణం. ఎంకిడు ముసలితనంతో చనిపోలేదు. దేవతల నిర్ణయం వల్ల వ్యాధిపాలై, బలంలో ఉండగానే చనిపోయాడు. ఈ ఓషధి చేతిలో ఉన్నా అతనిని కాపాడగలిగేది కాదు. నాయకుడు వెతికినది ఒకటి, అతనికి దొరికినది మరొకటి. అమరత్వం విషయం నిద్రాపరీక్షతోనే తేలిపోయింది. ఓషధి ఆ ఓటమి తర్వాత దక్కిన చిన్న కానుక. దాని నష్టాన్ని అమరత్వ నష్టంగా చదివితే ఒకే ఓటమి రెండుసార్లు జరిగినట్లవుతుంది; కావ్యంలో జరిగినవి రెండు వేర్వేరు ఓటములు.

తెలుగు అనువాదకులకూ అధ్యాపకులకూ ఈ భేదం ముఖ్యమైనది. ఈ మొక్కను 'సంజీవని' అని వ్యవహరిస్తే తెలుగు పాఠకునికి వెంటనే దగ్గరవుతుంది గాని అర్థం తప్పుతుంది. రామాయణమే నాలుగు ఓషధులను గుణాన్ని బట్టి వేరుచేసి చెప్పింది: మృతసంజీవని ప్రాణం తెస్తుంది, విశల్యకరణి బాణపు ములుకులను తొలగించి గాయం మాన్పుతుంది, సావర్ణ్యకరణి మేనిఛాయను తిరిగి ఇస్తుంది, సంధానకరణి తెగిన అవయవాలను అతుకుతుంది. ముసలితనాన్ని పోగొట్టడం వీటిలో దేని పనీ కాదు. 'జరాహర ఓషధి', 'పునర్యౌవన ఓషధి' అన్నవి మూలానికి దగ్గరి పదాలు.

7. స్నానం – చర్మం – కుబుసం:

పదకొండవ ఫలకం చివర స్నానం రెండుసార్లు వస్తుంది. మొదటి స్నానంలో గిల్గమేష్ జంతుచర్మాలను విడిచిపెడతాడు. సముద్రం వాటిని తీసుకుపోతుంది. అతడు కొత్త వస్త్రాలు ధరిస్తాడు. రెండవ స్నానంలో అతడు ఓషధిని కోల్పోతాడు; దానిని పొందిన పాము తన చర్మాన్ని విడిచిపెడుతుంది. ఈ రెండు దృశ్యాలనూ పక్కపక్కన పెట్టి చూస్తే కావ్యం చెప్పదలచుకున్న తేడా తెలుస్తుంది. పాము తన చర్మాన్నే మార్చుకోగలదు. మనిషి మార్చుకోగలిగినవి పైన కప్పుకున్న చర్మాలు మాత్రమే.

ఈ సంబంధాన్ని తెలుగు భాష ఒక్క పదంలో నిలుపుకున్నది. 'కుబుసం' పాము విడిచే పొరకూ, ఒంటికి తొడుక్కునే రవికవంటి వస్త్రానికీ పేరు. సంస్కృతంలో 'కంచుకం' కూడా అంతే. గ్రీకు భాషలో ముసలితనాన్ని చెప్పే 'గేరాస్' అనే పదమే పాము కుబుసానికీ పేరు. తెలుగు, సంస్కృతాలు కుబుసాన్ని వస్త్రంగా చూడగా, గ్రీకు దానిని వార్ధక్యంగా చూసింది. గిల్గమేష్ కావ్యంలోని రెండు స్నానాలూ ఈ రెండు ఊహలనూ ఒక్కచోట చేర్చాయి.

స్నానానికి మరో అర్థం కూడా ఉంది. పాత బాబిలోనియన్ పాఠంలో సముద్రతీరాన మద్యశాల నడిపే స్త్రీ గిల్గమేష్‌కు హితవు చెబుతుంది. మరణం మానవులకు, జీవం తమకు అని దేవతలు పంచుకున్నారనీ, కడుపునిండా తినడం, శుభ్రమైన బట్టలు కట్టడం, తలంటి స్నానం చేయడం, భార్యాబిడ్డలతో సుఖంగా ఉండటం మనిషి వంతు అనీ ఆమె చెప్పిన మాటల సారాంశం. ఆమె చెప్పిన మానవధర్మాల్లో స్నానం ఒకటి. ముప్పై బేరులు నడిచి అలసిన మనిషి చల్లని మడుగు చూసి దిగడం అత్యంత సహజం. ఓషధి పోయినది గర్వంవల్లనో, పాపంవల్లనో, దేవతల శాపంవల్లనో కాదు. మనిషి మనిషిలా ప్రవర్తించిన ఒక సామాన్య క్షణంలో. నిద్రాపరీక్షలో ఓటమికి కారణం కూడా ఇటువంటిదే. నిద్ర, స్నానం రెండూ దేహధర్మాలు.

8. తులనాత్మక సామ్యాలు:

క్రీస్తుశకం తొలి శతాబ్దాలకు చెందిన రచయిత ఈలియన్, పూర్వకవుల నుండి గ్రహించినట్లుగా ఒక గ్రీకు కథను చెప్పాడు. ప్రొమిథియస్ నిప్పు దొంగిలించిన సంగతి తెలిపినవారికి జ్యూస్ ముసలితనం రాకుండా చేసే మందును ఇచ్చాడు. వారు దానిని గాడిదమీద వేసి తీసుకుపోతుండగా, దాహంతో ఉన్న గాడిద పాము కావలి ఉన్న ఊట వద్దకు చేరింది. నీటికి బదులుగా మందును పాముకు ఇచ్చివేసింది. అందుకే పాము ముసలితనాన్ని విడిచివేస్తుందనీ, మానవులకు ముసలితనం మిగిలిందనీ కథ. ఇక్కడ కూడా ఔషధం అజరత్వాన్నిచ్చేదే. ప్రయాణం, దేహపు అవసరం, నీటి ఊట, పాము అనే నాలుగు అంశాలూ గిల్గమేష్ కథలో ఉన్నవే.

భారతీయ సాహిత్యంలో పోల్చదగినది గరుడోపాఖ్యానం. వ్యాసభారతంలోనూ, నన్నయ ఆంధ్రమహాభారతం ఆదిపర్వంలోనూ ఉన్న ఈ కథలో, తల్లి వినత దాస్యవిముక్తి కోసం గరుడుడు అమృతం తెచ్చి దర్భల మీద ఉంచుతాడు. స్నానం చేసి శుచులై వచ్చి సేవించమని పాములకు చెబుతాడు. అవి స్నానానికి వెళ్లగానే ఇంద్రుడు అమృతాన్ని తీసుకుపోతాడు. తిరిగివచ్చిన పాములు దర్భలను నాకి, నాలుకలు చీల్చుకుంటాయి. అమృతస్పర్శ వల్ల దర్భలు పవిత్రమవుతాయి.

రెండు కథల్లోనూ అమూల్యవస్తువు స్నానసమయంలోనే చేజారుతుంది. కాని పాత్రలు తారుమారయ్యాయి. బాబిలోనియా కథలో స్నానం చేసినది మనిషి, లాభపడినది పాము. భారతకథలో స్నానం చేసినవి పాములు, లాభపడినది ఇంద్రుడు. అక్కడ స్నానం అలసట తీర్చుకోవడానికి. ఇక్కడ అది శుచికర్మ. అక్కడ పాముకు కుబుసం వచ్చిన కారణం తెలుస్తుంది. ఇక్కడ పాముకు రెండు నాలుకలు వచ్చిన కారణం, దర్భకు పవిత్రత వచ్చిన కారణం తెలుస్తాయి. పాము కుబుసానికీ మృత్యుజయానికీ ముడిపెట్టే ఊహ వైదికవాఙ్మయంలో మరోచోట ఉంది: పంచవింశబ్రాహ్మణం సర్పసత్రాన్ని వివరిస్తూ, సర్పాలు దానివల్ల మృత్యువును జయించాయనీ అందుకే జీర్ణచర్మాన్ని విడిచి సాగిపోతాయనీ చెబుతుంది.

ఓషధికీ సముద్రానికీ గల సంబంధం కూడా భారతీయ కథల్లో మరో దిశలో సాగింది. ఆదిపర్వంలోని సముద్రమథనంలో మందరపర్వతం మీది చెట్ల స్రావాలు, ఓషధుల రసాలు సముద్రంలోకి కారి, ఆ రసాల బలంతోనే దేవతలకు అమరత్వం సిద్ధిస్తుంది. భాగవతం అష్టమస్కంధంలో మథనానికి ముందు పాలసముద్రంలో తృణలతౌషధులను వేస్తారు. ఇక్కడ ఓషధులు పైనుండి సముద్రంలో చేరి, సామూహిక శ్రమతో అమృతంగా మారుతాయి. గిల్గమేష్ కథలో ఓషధి సముద్రగర్భంలోనే పుట్టింది. ఒక్కడే దిగి ఒక్కడే తెచ్చాడు. ఈ సామ్యభేదాలు ఒక కథ మరొకదాని నుండి పుట్టిందనడానికి చాలవు. పాము చర్మం విడవడం, నీరు శుద్ధినీ అలసటనూ తీర్చడం వంటి అనుభవాలు అన్ని సమాజాలకూ ఉన్నవే. వాటిని ఏ సమాజం ఏ ప్రశ్నకు సమాధానంగా మలచుకున్నదన్నదే ఇక్కడ ప్రధానం.

9. ఓషధి తర్వాత – నగరప్రాకారం:

పాము వెళ్లిపోయిన తర్వాత గిల్గమేష్ మళ్లీ వెనక్కి పోవడానికి ప్రయత్నించడు. ఆటుపోట్లు అలజడిగా ఉన్నాయి. కాలువ తెరిచిన చోట పనిముట్లు వదిలివేశాడు. గుర్తుపట్టడానికి ఆనవాలు లేదు. పడవ ఒడ్డునే ఉండిపోయింది. ఓషధి ఇంకా అక్కడ పెరుగుతూ ఉండవచ్చు, కాని దారి పోయింది. ఇద్దరూ ఊరుక్ చేరుకుంటారు. గిల్గమేష్ ఉర్-షనబిని నగరప్రాకారం ఎక్కి చూడమంటాడు: పునాదులను, కాల్చిన ఇటుకల కట్టడాన్ని పరిశీలించమంటాడు, ఇళ్లు, ఖర్జూరపు తోటలు, మట్టి గుంటలు, ఇష్తార్ దేవాలయం కలిపి మూడున్నర షార్ల నగర విస్తీర్ణాన్ని చూపుతాడు. ఈ వర్ణన మొదటి ఫలకం ప్రస్తావనలో ఉన్నదే. అక్కడ కావ్యకర్త పాఠకునికి చూపిన గోడను ఇక్కడ నాయకుడు పడవవానికి చూపుతాడు.

ఓషధిని ఊరుక్‌కు తేవాలన్న సంకల్పం ఈ ముగింపుకు సిద్ధం చేసిన మెట్టు. అంతవరకు తన ప్రాణం కోసమే తిరిగిన రాజు, ఓషధి చేతికి వచ్చిన క్షణంలో తొలిసారి తన నగరాన్ని, అందులోని ఒక వృద్ధుని తలచుకుంటాడు. ఆ తలపు పరీక్ష కోసమా, పంచుకోవడం కోసమా అన్నది వాదానికి తావిచ్చే విషయమే. అయినా, అప్పుడే దానిని తిని ఉంటే పాముకు అవకాశం లేకపోయేది. అతడు ఓషధిని పోగొట్టుకొన్నది నగరం వైపు మళ్లిన దారిలోనే. చివరికి ఊరుక్ చేరినది ఓషధి కాదు, దానిని గురించిన కథ. ఆ కష్టాలన్నీ శిలాఫలకం మీద చెక్కబడినట్లు మొదటి ఫలకం చెబుతుంది.

10. ముగింపు:

ఈ పరిశీలనలో తేలిన అంశాలు ఇవి.

1. గిల్గమేష్ కావ్యంలోని సాగరౌషధి గుణం వార్ధక్య నివారణ. పేరు, పరీక్షావిధానం, పాము కుబుసం విడవడం అనే మూడు ఆధారాలూ దీనిని బలపరుస్తున్నాయి. అమరత్వం విషయం అంతకుముందే నిద్రాపరీక్షతో ముగిసింది.

2. ఓషధి వర్ణన మెసొపొటేమియా వైద్యగ్రంథాల శైలికి సన్నిహితంగా ఉంది. అద్భుతాన్ని నాటి శాస్త్రభాషలో చెప్పడం వల్ల ఆ నాటి పాఠకునికి అది నమ్మదగినదిగా తోచి ఉండాలి.

3. దాని పవిత్రతకు ఆధారాలు అప్సూలోని దాని స్థానం, దేవరహస్యంగా దాని ప్రకటన.

4. ఓషధి నష్టం శిక్ష కాదు. దేహధర్మం వల్ల కలిగిన నష్టం. గ్రీకు కథలోని దాహం ఇటువంటిదే. గరుడోపాఖ్యానంలో మాత్రం స్నానం శుచికర్మగా, ఇంద్రుని ఉపాయానికి అవకాశంగా మారింది.

5. తెలుగులో ఈ కావ్యాన్ని అనువదించేవారు, బోధించేవారు 'సంజీవని', 'అమృతమూలిక' వంటి పదాలకు బదులు 'జరాహర ఓషధి' వంటి పదాన్ని స్వీకరించడం మూలార్థానికి న్యాయం చేస్తుంది. అప్పుడే, ఎంకిడును బతికించలేని ఓషధి కోసం గిల్గమేష్ ఎందుకంతగా ఏడ్చాడన్న ప్రశ్న విద్యార్థికి ఎదురవుతుంది. ఆ ప్రశ్నకు సమాధానం వెతకడంతోనే కావ్యపు చివరి పుటల అధ్యయనం మొదలవుతుంది.